మూడు పొరల బెల్టు

పిండి గిర్ని బెల్టు తెగితే మా నాన్న పారేయడు. ఒక ముక్క అదురు తగ్గడానికి మిషన్ కాళ్ళ కింద పెడతాడు. ఒక ముక్క తలుపుకు బందులా మేకులతో కొడతాడు. చిక్కడపల్లి మూల మీద చెప్పులు కుట్టే పెద్దాయన వచ్చి ఒక ముక్క అడిగి పట్టుకుపోతాడు. మూరెడు ముక్క ఒకటి మాత్రం స్విచ్ బోర్డు పక్కన మేకుకు వేలాడుతూ ఉంటుంది. అది దేనికో మా ఇంట్లో ఎవరూ పైకి అనరు. నాకు ఊహ తెలిసినప్పటి నుంచి అది అక్కడే ఉంది. ముక్క మారుతుంది, మేకు మారదు.

మా గిర్ని చిక్కడపల్లి మెయిన్ రోడ్డు నుంచి లోపలికి వచ్చే గల్లీలో ఉంటుంది. ముందు గది గిర్ని, వెనక రెండు గదులు ఇల్లు. గోధుమలు, జొన్నలు, శనగపప్పు ఒక మిషన్ మీద, మిరపకాయలు, పసుపు ఇంకో మిషన్ మీద పడతాం. అశోక్‌నగర్ హాస్టళ్ళ వంటవాళ్ళు డబ్బాలతో వస్తారు. మోటారు తిరుగుతున్నంతసేపూ అందరూ అరిచి మాట్లాడాల్సిందే. నా గొంతు ఆ చప్పుడు దాటదు. అందుకని చిన్నప్పుడే నాకు తూకం అప్పజెప్పారు. తూకం దగ్గర తల ఊపితే సరిపోతుంది.

డిగ్రీ అయ్యాక గ్రూప్స్‌కు చదువుతానని చెప్పి రోజూ సాయంత్రం నాలుగున్నరకు లైబ్రరీకి వెళ్తున్నాను. పైకి కనిపించేలా కరెంట్ అఫైర్స్ పుస్తకం, దాని కింద కథల పుస్తకం. తిరిగి వచ్చే ముందు చివరి బల్ల దగ్గర కూర్చుని డైరీ రాస్తాను. దారంతో కుట్టిన మామూలు లాంగ్ నోట్‌బుక్ అది. ఎవరు వచ్చారు, ఏమన్నారు, ఎన్ని గంటలకు, అంతే. నాన్న అమ్మను కొట్టిన రోజు కూడా అలాగే రాసేదాన్ని. ఎన్ని గంటలకు, దేనితో, దేని గురించి. రాసి పుస్తకం మూస్తే ఆ రోజుకు నా పని అయిపోయినట్టు ఉండేది. అంతకు మించి నేనేమీ చేయలేదు.

పోయిన వానాకాలంలో ఒక మధ్యాహ్నం, శనగపప్పు పడుతుండగా మీటరు కాలిపోయింది. ముందు వాసన వచ్చింది, తర్వాత టప్పున చప్పుడు, గోడ మీద అరచేయంత నల్ల మచ్చ. నాన్న లైన్‌మన్‌కు ఫోన్ చేశాడు. ఆయన మా గల్లీకి పదేళ్ళుగా తెలిసినవాడే. గంటలో వచ్చి కాలిన మీటరు విప్పి తవుడు సంచిలో వేసుకున్నాడు. స్తంభం నుంచి వచ్చే వైర్లను మీటరు లేకుండా నేరుగా మా మెయిన్ స్విచ్‌కు కలిపాడు.

"కొత్త మీటర్ ఎప్పుడు పెడ్తవే?" నాన్న అడిగాడు.

"స్టాక్ లేదన్నా. వారమో, పది దినాలో. గప్పటిదాంక డైరెక్టే నడుపు. ఆఫీసుల నేను చెప్త గద."

వెనక గది గుమ్మంలోంచి అమ్మ అంది, "జర కాగితం మీద ఏమన్న రాసియ్యమను."

లైన్‌మన్ నవ్వాడు. "వదినెకు నా మీద నమ్మకం లేనట్టుంది."

"ఆడోళ్ళ మాట ఇడిసిపెట్టు," అన్నాడు నాన్న. అప్పుడే పట్టిన శనగపిండి ఇంకా వేడిగా ఉంది. రెండు కిలోలు పొట్లం కట్టి లైన్‌మన్ చేతిలో పెట్టాడు. సాయం చేసిన మనిషిని పిండి ఇచ్చి పంపడం మా తాత పెట్టిన అలవాటు. తెలిసిన మనిషిని కాగితం అడగడమంటే మాత్రం నాన్నకు ఆ మనిషిని దొంగ అనడంతో సమానం.

ఆ సాయంత్రం లైబ్రరీలో ఇదంతా రాశాను. పొట్లం సంగతి, సంచి సంగతి, అమ్మ అన్న మాట కూడా.

వారం, పది దినాలు కాస్తా ఐదు వారాలయ్యాయి. ఒక సోమవారం పొద్దున పదకొండుకు గల్లీలో జీపు ఆగింది. తనిఖీ ఆఫీసరు, ముప్పై ఏళ్ళుంటాయేమో, ఫోన్‌లో వీడియో తీస్తూనే లోపలికి వచ్చాడు. వెనక ఇద్దరు సిబ్బంది. వాళ్ళ వెనక మా లైన్‌మన్.

"మీటర్ ఏది?"

"గీయన దగ్గరనే ఉన్నది, అడుగుండ్రి," నాన్న లైన్‌మన్ వైపు చెయ్యి చూపించాడు.

లైన్‌మన్ నేల వైపు చూస్తూ అన్నాడు, "నాకేం తెల్వద్ సార్."

"ఏంది? ఏం తెల్వదు? పిండి తీస్కపోయింది గూడ తెల్వదా?"

"పక్కకు జరుగు," అన్నాడు ఆఫీసరు. "వీడియో తియ్యాలె."

"ముందుగాల గీయనను అడుగు. గప్పుడు తీస్కో."

"వైర్లు కనబడ్తనే ఉన్నయి, ఇంక అడిగేదేంది? దొంగను దొంగ అనక సేఠ్ అనాల్నా?"

మిషన్ నోట్లో గోధుమలు లోపలికి తోయడానికి నాన్న దగ్గర ఒక చెక్క ఉంటుంది, గరిటెలాంటిదే, కాకపోతే చెయ్యంత పొడవు. అది ఆయన చేతిలోనే ఉంది. ఎత్తడం నేను చూడలేదు. పడడం చూశాను. ఆఫీసరు దవడ పక్కకు తిరిగింది. ఫోన్ మిషన్ కిందకు జారింది. రెండో దెబ్బకు పెదవి చీలి, రక్తం పక్కనున్న పిండి డబ్బాలో పడింది. పిండి పీల్చుకుని చిన్న చిన్న ఉండలు కట్టింది. డబ్బాలు పట్టుకుని నిలబడ్డ ఆడవాళ్ళు అరుస్తూ గల్లీలోకి పరుగెత్తారు. సిబ్బంది ఇద్దరూ నాన్నను పట్టుకుని మోటారుకేసి అదిమారు. మోటారు వేడిగా ఉంది. ఆయన ముంజేయి దానికి ఆనింది, అరిచాడు, ఒకడు మోకాలితో కడుపులో పొడిచాడు. అమ్మ "ఇడిసిపెట్టుండ్రి" అంటూ ఒకడి చొక్కా పట్టి లాగితే ఆమెను గోడకేసి నెట్టాడు.

నేను తూకం దగ్గరే ఉన్నాను. నా చెయ్యి పళ్ళెం మీద ఉంది. ఎంత గట్టిగా నొక్కుతున్నానో ముల్లు చూసేదాకా నాకు తెలియలేదు.

వెళ్ళేముందు లైన్‌మన్ స్తంభం ఎక్కి మా వైరు కోసేశాడు. పై నుంచి కూడా ఆయన మా వైపు చూడలేదు. ఆ సాయంత్రం డైరీలో రాశాను: "పదకొండు పదికి గొడవ. నాన్నే ముందు కొట్టాడు. పదకొండున్నరకు కరెంటు కట్."

మంగళవారం గిర్ని మూసే ఉంది. నాన్న ఫోన్ మీద ఫోన్ చేశాడు, లైన్‌మన్ ఫోన్ ఎత్తలేదు. మధ్యాహ్నం అన్నం ముందు కూర్చున్నప్పుడు అమ్మ మెల్లగా అంది, "నేను కాగితం అడుగుమంటిని గద."

నాన్న కంచం తోసేసి లేచాడు. మేకు దగ్గరికి వెళ్ళాడు. కాలిన ముంజేతికి పసుపు రాసి ఉంది, ఆ చేత్తోనే కొట్టాడు. గిర్ని ఆగి ఉంది కాబట్టి చప్పుడు బయటికి వినిపిస్తుందని అమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకుంది. ఖాళీ సంచిని గోడకేసి దులిపినప్పుడు వచ్చే చప్పుడు అది. నాలుగు దెబ్బలు. నేను తలుపు పట్టుకుని నిలబడ్డాను. ఆ సంగతీ రాశాను, సోమవారం పేజీ తర్వాత.

శుక్రవారం పొద్దున పోలీసులు వచ్చారు. మా ఏరియా స్టేషన్ వాళ్ళు కాదు, కరెంటు దొంగతనాల కేసులు మాత్రమే చూసే వేరే స్టేషన్ వాళ్ళు. నాన్న చొక్కా తొడుక్కుంటుంటే, అదేం అక్కర్లేదని బనియన్ మీదే జీపు ఎక్కించారు. శనివారం సాయంత్రం వదిలారు. ఆటో దిగి గోడ పట్టుకుని నడిచాడు. లుంగీ కింద తొడల వెనక భాగం వంకాయ రంగులో ఉంది. అరికాళ్ళు వాచి చెప్పుల్లో పట్టలేదు. అమ్మ ఉప్పు వేడిచేసి గుడ్డలో మూటకట్టి కాపడం పెట్టింది. పెట్టినంతసేపూ ఆయన పళ్ళు బిగబట్టే ఉన్నాడు.

"సోమవారం మల్ల రమ్మన్నరు," అన్నాడు. "ఏడాది సంది నేనే వైర్లు కలుపుకుంటున్న అని సంతకం పెట్టాల్నట. పెట్టకపోతె అటే జైలుకు పంపుతరట."

ఆదివారం నారాయణగూడలో ఒక లాయర్ మేడం దగ్గరికి వెళ్ళాం. గల్లీలో ఒకాయన చెప్పిన పేరు. మెట్లెక్కితే చిన్న గది, గోడ పొడుగునా తాడు కట్టిన ఫైళ్ళు. మేడంకు యాభై ఏళ్ళుంటాయి. టైపు చేస్తూనే ప్రశ్నలు వేసేవారు. నాన్న కూర్చోలేక కుర్చీ వీపు పట్టుకుని నిలబడ్డాడు.

"దేంతోని కొట్టిండ్రు?"

"బెల్టుతోని మేడం."

"నడుముకు పెట్టుకునేదా?"

"కాదు. గిర్ని బెల్టు. నాలుగంగుళాల వెడల్పు, మూడు పొరలది. ఒక కొసకు కట్టె పిడి బిగిచ్చిండ్రు." నాన్న చేతులతో కొలత చూపించాడు. "కొత్తది గాదు, పాతది. పాతగయితె అంచులు లేస్తయి. అంచు తగిల్తె తోలు లేస్తది. నడిమిట్ల తగిల్తె పైకేం కనబడది. లోపట్నే…" అక్కడ ఆగిపోయాడు.

మేడం తల ఎత్తారు. "గింత సాఫుగ ఎట్ల చెప్తున్నవ్?"

"నా పనే గది గద మేడం."

అమ్మ ఫైళ్ళ వైపు చూస్తూ కొంగు ముంజేతుల మీదికి లాక్కుంది. మేడం ఆమె వైపు ఒక్క క్షణం చూసి మళ్ళీ టైపు చేయడం మొదలుపెట్టారు. తెర మీద ఇంగ్లిష్ వాక్యం ఒకటి కనిపించింది: నాలుగు అంగుళాల వెడల్పు, మూడు పొరల రబ్బరు బెల్టు. నా డైరీలో తెలుగులో ఉన్న వాక్యమే.

ఎఫ్ఐఆర్ కాపీ చూస్తూ మేడం మాకు కేసు అర్థమయ్యేలా చెప్పారు. కరెంటు దొంగతనం అని కట్ చేస్తే, ఇరవై నాలుగు గంటల్లో ఆఫీసరు రాతపూర్వకంగా ఫిర్యాదు ఇవ్వాలని చట్టం చెప్తుంది. వీళ్ళు ఇచ్చింది శుక్రవారం. అందుకని కాగితంలో కథ మార్చారు. సోమవారం ఇంటివాడు కొట్టి వెళ్ళగొట్టాడు కాబట్టి కట్ చేయలేకపోయామని, గురువారం మళ్ళీ వచ్చి కట్ చేశామని రాశారు.

"సోమవారమే కట్ చేసిండ్రు మేడం," అంది అమ్మ. "నాలుగు దినాలు గిర్ని బంద్ ఉన్నదని గల్లీ మొత్తం చెప్తది."

"మీ గల్లీల చెప్తదమ్మా. కోర్టు ముంగట, పోలీసుల ముంగట చెప్పదు. కెమెరాలేమన్న ఉన్నయా?"

"ఎదురుంగ స్టడీ హాల్‌కు ఉన్నది," అన్నాడు నాన్న. "అది ఉత్తదే మేడం. పోరగాండ్లను భయపెట్టనీకె డబ్బ పెట్టిండు."

మేడంకు నవ్వు వచ్చింది, ఆపుకున్నారు. "హైకోర్టుకు పోదం. ఈ దర్యాప్తే చెల్లదు, కొట్టేయుండ్రి అని క్వాష్ పిటిషన్ వేస్త. కని సోమవారం కట్ చేసిండ్రని, లైన్‌మన్ మీటర్ తీస్కపోయిండని చెప్పనీకె ఏమన్న ఉండాలె. గా రోజు ఎవరన్న రాసి పెట్టుకున్నరా?"

"మా బిడ్డ రోజు రాస్తది," అంది అమ్మ.

నేను ఎప్పుడూ ఎవరికీ చెప్పలేదు. పుస్తకం బియ్యం డబ్బా వెనక దాచేదాన్ని. నాన్న మెడ మాత్రమే తిప్పి నన్ను చూశాడు. "ఏం రాస్తవ్?"

నేను మేడం వైపు చూశాను.

"మొత్తం బుక్కు కావాలె," అన్నారు మేడం నాతో. "పేజీలు చింపి తెస్తివంటె అవతలి లాయర్ అడిగే మొదటి ప్రశ్న, చింపినదాంట్ల ఏమున్నదని. పొద్దుగూకేలోపల తెచ్చియ్యి. రేపే అర్జెంటుగ వినమని అడుగుత."

ఇంటికి వచ్చాక నాన్న నన్ను గిర్ని గదిలోకి పిలిచాడు. మామూలుగా పిలిచినట్టే పిలిచాడు. "ఇంట్ల సంగతులు గూడ రాసినవా?"

తల ఊపాను.

"చింపెయ్ బిడ్డా. కరెంటుది ఉంచు, గవి చింపెయ్." గొంతు పెంచలేదు. ఆయన కళ్ళు మాత్రం మేకు వైపు వెళ్ళి వచ్చాయి.

అమ్మ కుట్టు డబ్బాలోంచి బ్లేడు తీసుకుని వెనక గదిలో కూర్చున్నాను. ముందు మంగళవారం పేజీ. కుట్టు పొడుగునా బ్లేడు జాగ్రత్తగా లాగాను. పేజీ ఊడి వచ్చింది. దాంతోపాటే పుస్తకంలో ముందున్న ఇంకో పేజీ కూడా దారంలోంచి జారి ఒళ్ళో పడింది. దారంతో కుట్టిన పుస్తకంలో ఒకే కాగితం మధ్యకు మడిచి రెండు పేజీలవుతుంది, ఒక సగం కోస్తే రెండో సగం నిలవదు. పడిన పేజీ మీద లైన్‌మన్, తవుడు సంచి, రెండు కిలోల శనగపిండి ఉన్నాయి.

ఆ రెండు పేజీలూ చేతిలో పట్టుకుని ఉండగా అమ్మ వచ్చింది. బ్లేడు నా వేళ్ళలోంచి తీసుకుంది. "ఇటియ్యి. నేను సదువుత."

అమ్మ ఏడో తరగతి చదివింది. వేలు పెట్టి ఒక్కో మాట చదువుతుంది. ఆ మధ్యాహ్నం గిర్ని గడప మీద, వెలుతురు పడే చోట కూర్చుని చదివింది. లోపల నాన్న బోర్లా పడుకుని ఉన్నాడు, ఆయనకు పేజీ తిప్పే చప్పుడు వినిపిస్తూనే ఉండి ఉంటుంది. నాకు ఏడుపు వచ్చింది. ఆమె తిన్న దెబ్బలను నేను అన్ని పేజీల్లో పొందికగా రాసుకున్నానని ఆమెకు తెలియడం కంటే, ఆ దెబ్బలు నేనే తినడం తేలికేమో అనిపించింది.

చివరి పేజీ అయ్యాక అమ్మ అంది, "తక్కువున్నయి."

"ఏంది?"

"నువ్వు లైబ్రరీల ఉన్నప్పటియి ఇందుల లేవు."

కోసిన పేజీని, ఊడిన పేజీని తీసుకెళ్ళి వాటి చోట్లలో పెట్టి, సూదీ దారంతో తనే కుట్టింది. కుట్టు అందరికీ కనిపించేలానే ఉంది. తర్వాత నాన్న మంచం దగ్గరికి వెళ్ళింది.

"కోర్టుకు పోతె బుక్కు మొత్తం పోతది. లేకుంటె రేపు నువ్వు పోతవ్. చెప్పు."

 నాన్న ముఖం తలగడలోకి తిప్పుకున్నాడు. అమ్మ పుస్తకాన్ని పేపర్‌లో చుట్టి నాకిచ్చింది. నేను నడుచుకుంటూ నారాయణగూడకు వెళ్ళాను.

సోమవారం నాన్నను మేడం తమ ఆఫీసులోనే ఉండమన్నారు. అమ్మా నేనూ హైకోర్టు హాల్లో వెనక బెంచీ మీద కూర్చున్నాం. వాదన ఇంగ్లిష్‌లో, వేగంగా సాగింది. కరెంటు వాళ్ళ లాయర్ ఆఫీసరు కుట్ల ఫొటో చూపించాడు. ఇలాంటి మనిషికి కోర్టు దయ చూపించకూడదన్నాడు. డైరీ సంగతి రాగానే నవ్వాడు. నిందితుడి సొంత కూతురు, నిన్న కూర్చుని రాసి ఉంటుంది, కుట్టు కూడా కొత్తగా కనిపిస్తోంది అన్నాడు.

మేడం లేచి ఒక్కటే అన్నారు. తండ్రిని కాపాడడానికి రాసిన డైరీ అయితే, అందులో తండ్రే ముందు కొట్టాడని ఎందుకు రాస్తుంది? ఆ తర్వాతి పేజీ కూడా తమరు చూడాలి.

జడ్జిగారు పుస్తకం తెప్పించుకున్నారు. ఒక పేజీ దగ్గర చాలాసేపు ఆగారు. తల ఎత్తి మా బెంచీల వైపు చూశారు. ఆయన ఎవరి కోసం చూస్తున్నారో నాకు తెలుసు. నేను తల దించుకున్నాను. అమ్మ దించలేదు.

ఎవరి మాట నిజమో తేల్చే చోటు ఇది కాదని, కేసు ఇప్పుడే కొట్టేయనని ఆయన అన్నారు. అయితే అరెస్టు చేయకూడదు, నోటీసు ఇచ్చి, లాయర్ ఎదుటే ప్రశ్నించాలి. కరెంటు ఏ రోజు కట్ చేశారో, కాలిన మీటరు ఎక్కడుందో డైరీతో పోల్చి దర్యాప్తు చేయాలి. అంతా కలిపి పది నిమిషాలు కూడా పట్టలేదు.

"ఏమన్నడు?" అమ్మ చెవిలో అడిగింది.

"నాయినను పట్టుకపోరు. డైరీ స్టేషన్‌ల ఇయ్యాలె."

గురువారం నోటీసు మీద స్టేషన్‌కు వెళ్ళాం, మేడం కూడా వచ్చారు. గదిలో తలుపు వెనక మేకుకు ఆ బెల్టు వేలాడుతోంది, కట్టె పిడితో సహా. లోపలికి రాగానే నాన్న కళ్ళు అక్కడికే వెళ్ళాయి. ఎస్సై పుస్తకం ముందు పెట్టుకుని తిప్పుతూ పోయాడు. ఒకచోట ఆగి, బయటున్న కానిస్టేబుళ్ళకు కూడా వినపడేలా చదివాడు. "'మధ్యాహ్నం రెండు గంటలకు. బెల్టు. నాలుగు దెబ్బలు. కాగితం మాట ఎత్తినందుకు.' అరె, ఈయన మనోడే రా!"

బయట నవ్వులు వినిపించాయి.

"ఏమయ్యా, మేము జర చెయ్యి చేసుకుంటె హైకోర్టుకు ఉరికినవ్. మరి నీ పెండ్లాం ఏడికి పోవాలె?"

 నాన్న చేతులు పిడికిళ్ళయ్యాయి. మేడం ఏదో అనబోయారు. అంతలో అమ్మ అంది, "ఈడికే వచ్చిన గద సార్. రాసుకోండ్రి."

నవ్వులు ఆగిపోయాయి. ఎస్సై పుస్తకం మూశాడు. "గిది కరెంటు కేసుల స్టేషనమ్మా. గది మీ ఏరియా స్టేషన్ల చెప్పుకోవాలె."

"గట్లనా," అంది అమ్మ. "మీ బెల్టు గూడ గదే సైజు ఉంటె, ఈడ గూడ రాసుకుంటరేమో అనుకున్న."

 మేడం ఫైల్ మీద ఏదో రాసుకున్నారు. పుస్తకం ఇచ్చినట్టు ఎస్సై రసీదు రాసి నా చేత సంతకం పెట్టించుకున్నాడు. నాకిచ్చిన కాపీలో "పాత నోట్‌బుక్ ఒకటి, కుట్టు వేసినది" అని ఉంది.

డైరీలో తేదీ ఉండబట్టి మీటరు జాడ దొరికింది. ఆ తేదీన మా వైపు కరెంటు ఆఫీసు రిజిస్టర్‌లో కాలిన మీటరు ఒకటి జమ అయి ఉంది, మా సర్వీసు నంబరుతో, లైన్‌మన్ సంతకంతో. కాగితం అడిగితే నవ్విన మనిషి అక్కడ మాత్రం కాగితం రాశాడు. కొన్ని నెలలకు దొంగతనం కేసు ఆధారాలు లేవని మూసేశారు. ఆఫీసరును కొట్టిన కేసు మాత్రం ఇంకా నడుస్తోంది. అందులో నా డైరీ కూడా సాక్ష్యమే. నాన్నే ముందు కొట్టాడని నా రాత నాంపల్లి కోర్టులో ఉంది, నాన్న ప్రతి వాయిదాకు అక్కడికి వెళ్ళి నిలబడి వస్తాడు. నన్ను దాని గురించి ఒక్క మాట అనలేదు. నాతో ఏ మాటా పెద్దగా అనడం లేదు.

అమ్మ తనంత తానే ఇంకో లాంగ్ నోట్‌బుక్ కొనుక్కొచ్చింది. బియ్యం డబ్బా వెనక కాదు, తూకం పక్కన పెట్టింది.

కొత్త మీటరు వచ్చి మోటారు తిరుగుతున్న ఒక రోజు, నేను లైబ్రరీకి సంచి సర్దుకుంటున్నాను. గోధుమల డబ్బా మీద మూత పెట్టలేదని నాన్న అమ్మ మీద అరవడం మొదలుపెట్టాడు. అమ్మ ఏదో జవాబు చెప్పింది. నాన్న మోటారు ఆపి మేకు దగ్గరికి వెళ్ళాడు. బెల్టు ఆయన చేతిలోకి వచ్చింది. అమ్మ ఆయన వైపు తిరగలేదు. జల్లెడ దులుపుతూ నన్ను అడిగింది.

"టైం ఎంతయింది బిడ్డా?"

 మోటారు ఆగి ఉంది కాబట్టి, నా గొంతు కూడా వినిపిస్తుంది.

"నాలుగు పది," అన్నాను.

"రాయి."

నోట్‌బుక్ తెరిచి పెన్ను మూత తీశాను. అంకె వంకరగా పడింది. నాన్న నా పెన్నును చూశాడు. బెల్టు రెండు చేతులా మెలిపెట్టాడు. తవుడు డబ్బాను కాలితో తన్నాడు. అది గోడకేసి కొట్టుకుని, తవుడంతా గడప దాకా చిమ్మింది. బెల్టు నేల మీద విసిరి గల్లీలోకి వెళ్ళిపోయాడు.

"నాలుగు పది. కొట్టలేదు. తవుడు డబ్బా తన్నాడు," అని రాశాను. అమ్మ చీపురు తెచ్చి ఊడవడం మొదలుపెట్టింది. ఆయన ఎప్పుడు తిరిగి వస్తాడో తెలియదు. సర్దుకున్న సంచిని తూకం మీద పెట్టాను. ఆ సాయంత్రం నేను లైబ్రరీకి వెళ్ళలేదు.